జాకీ రాబిన్సన్

జాక్ రూజ్‌వెల్ట్ రాబిన్సన్ (1919 జనవరి 31 – 1972 అక్టోబరు 24) అమెరికా సంయుక్త రాష్ట్రాలకు చెందిన ప్రఖ్యాత బేస్‌బాల్ క్రీడాకారుడు, పౌరహక్కుల కార్యకర్త. జాకీ రాబిన్సన్ అన్న పేరుతో సుప్రసిద్ధుడు. ఆధునిక కాలంలో మేజర్ లీగ్ బేస్‌బాల్‌లో ఆడిన మొట్టమొదటి నల్లజాతి క్రీడాకారుడు ఇతడే. 1947 ఏప్రిల్ 15న బ్రూక్లిన్ డాడ్జర్స్ జట్టు తరఫున మైదానంలో అడుగుపెట్టి, అరవై ఏళ్ళకు పైగా సాగిన వర్ణ నిషేధానికి ముగింపు పలికాడు. ఇతడు మేజర్ లీగులో ఆడిన పది సంవత్సరాలూ ఒకే జట్టుకు, అంటే బ్రూక్లిన్ డాడ్జర్స్‌కే ఆడాడు. అందువలన ఇతని జీవితచరిత్ర ఆ జట్టు చరిత్రతోనూ, ఆ జట్టును సొంత ఇంటి మనుషులుగా భావించిన బ్రూక్లిన్ అభిమానుల చరిత్రతోనూ విడదీయరానిదిగా ఉన్నది.

బాల్యం

రాబిన్సన్ 1919 జనవరి 31న జార్జియా రాష్ట్రంలోని కైరో పట్టణ సమీపంలో జన్మించాడు. తల్లి మాలీ, తండ్రి జెర్రీ. తండ్రి ఇతరుల పొలంలో పంటలో వాటాకు పనిచేసే కౌలురైతు. ఐదుగురు సంతానంలో జాకీ అందరికంటె చిన్నవాడు. ఇతడు పుట్టడానికి 25 రోజుల ముందు మరణించిన మాజీ అధ్యక్షుడు థియోడర్ రూజ్‌వెల్ట్ జ్ఞాపకార్థం ఇతనికి రూజ్‌వెల్ట్ అని మధ్యనామం పెట్టారు.

తండ్రి కుటుంబాన్ని విడిచి వెళ్ళిపోవడంతో, 1920లో మాలీ ఐదుగురు పిల్లలను వెంటబెట్టుకొని రైలులో కాలిఫోర్నియాలోని పాసడీనాకు తరలివెళ్ళింది. అక్కడ ఇళ్ళలో పనిచేస్తూ పిల్లలను పోషించింది. కొంతకాలానికి పెప్పర్ వీధిలో ఇల్లు సంపాదించగలిగింది. ఆ వీధిలో ఉన్నవారు ఎక్కువగా తెల్లవారు కావడం వలన, రాబిన్సన్ కుటుంబం ఇరుగుపొరుగు వారి నుండి ఎన్నో ఇబ్బందులు ఎదుర్కొన్నది. అయినా మాలీ ఇల్లు వదలలేదు.

జాకీ అన్నలలో ఒకడైన మాక్ రాబిన్సన్ 1936 బెర్లిన్ ఒలింపిక్ క్రీడలలో 200 మీటర్ల పరుగులో జెస్సీ ఓవెన్స్ తరువాత రెండవ స్థానంలో నిలిచి రజత పతకం గెలిచాడు. పతకంతో తిరిగివచ్చిన మాక్‌కు స్వగ్రామంలో తగిన ఉద్యోగం దొరకలేదు. వీధులు ఊడ్చే పనితో అతడు కొంతకాలం గడపవలసివచ్చింది. ఆటలో గెలుపు ఒక్కటే నల్లజాతివారికి గౌరవం తెచ్చిపెట్టదని జాకీ తన ఇంటిలోనే చూశాడు.

విద్యాభ్యాసం

జాన్ మ్యూర్ ఉన్నత పాఠశాలలోనూ, తరువాత పాసడీనా జూనియర్ కళాశాలలోనూ చదివిన రాబిన్సన్, 1939లో లాస్ ఏంజెలెస్‌లోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో చేరాడు. బేస్‌బాల్, బాస్కెట్‌బాల్, అమెరికన్ ఫుట్‌బాల్, అథ్లెటిక్స్ అనే నాలుగు క్రీడలలోనూ ఆ విశ్వవిద్యాలయానికి ప్రాతినిధ్యం వహించి గుర్తింపు పొందిన తొలి విద్యార్థి ఇతడే. 1940లో జాతీయ కళాశాలల పోటీలలో లాంగ్ జంప్ విజేతగా నిలిచాడు. ఆశ్చర్యమేమిటంటే ఈ నాలుగింటిలో విశ్వవిద్యాలయ స్థాయిలో ఇతడు అంతగా రాణించనిది బేస్‌బాల్ మాత్రమే.

ఇక్కడే తనకు కాబోయే భార్య రాచెల్ ఐసమ్‌తో పరిచయం ఏర్పడింది. చదువు వలన నల్లజాతివానికి ఉద్యోగం వస్తుందన్న నమ్మకం లేక, 1941లో పట్టా పొందకుండానే విశ్వవిద్యాలయాన్ని విడిచిపెట్టాడు. ఆ సంవత్సరం హవాయి దీవులలోని హొనొలులులో ఫుట్‌బాల్ ఆడి, పెర్ల్ హార్బర్‌పై జపాన్ దాడికి రెండు రోజుల ముందు స్వదేశానికి బయలుదేరాడు.

సైనిక జీవితం

1942లో రాబిన్సన్ సైన్యంలోకి తీసుకోబడ్డాడు. కాన్సస్‌లోని ఫోర్ట్ రైలీలో శిక్షణ పొందాడు. అక్కడ నల్లజాతి సైనికులకు అధికారుల శిక్షణలో ప్రవేశం దొరకడం కష్టంగా ఉండేది. అదే శిబిరంలో ఉన్న ప్రపంచ బాక్సింగ్ విజేత జో లూయిస్ కలుగజేసుకోవడంతో పరిస్థితి మారింది. 1943 జనవరిలో రాబిన్సన్ సెకండ్ లెఫ్టినెంట్ అయ్యాడు.

తరువాత ఇతనిని టెక్సస్‌లోని ఫోర్ట్ హుడ్‌లో 761వ ట్యాంకు దళానికి పంపారు. 1944 జులై 6న శిబిరానికి చెందిన బస్సులో ప్రయాణిస్తుండగా, వెనుక సీట్లోకి వెళ్ళమని డ్రైవరు ఆదేశించాడు. రాబిన్సన్ నిరాకరించాడు. ఈ సంఘటన పెరిగి పెద్దదై, పై అధికారుల పట్ల అవిధేయత చూపాడన్న ఆరోపణపై సైనిక న్యాయస్థానం ముందు విచారణకు దారితీసింది. ఆగస్టులో న్యాయస్థానం ఇతనిని నిర్దోషిగా విడుదల చేసింది. విచారణ కారణంగా ఇతడు తన దళంతోపాటు ఐరోపా యుద్ధరంగానికి వెళ్ళలేదు. 1944 నవంబరులో గౌరవప్రదంగా సైన్యం నుండి విడుదలయ్యాడు. అన్యాయాన్ని చూస్తూ ఊరుకోలేని ఈ స్వభావమే తరువాతి కాలంలో ఇతనికి కఠిన పరీక్షగా మారింది.

బేస్‌బాల్‌లో వర్ణ విభజన

19వ శతాబ్దపు చివరి దశకాలలో కొందరు నల్లజాతివారు వృత్తి బేస్‌బాల్ ఆడారు. 1884లో మోజెస్ ఫ్లీట్‌వుడ్ వాకర్ టొలీడో జట్టు తరఫున ఆనాటి ప్రధాన లీగులలో ఒకదానిలో ఆడాడు. ఆ తరువాత జట్ల యజమానులు నల్లవారిని చేర్చుకోరాదని ఒక అలిఖిత ఒప్పందానికి వచ్చారు. ఏ నియమావళిలోనూ రాయని ఈ నిషేధం చట్టం కంటె బలంగా అమలయ్యింది. నల్లజాతి ఆటగాళ్ళు తమకంటూ ప్రత్యేక లీగులు ఏర్పరచుకొని ఆడేవారు. సాచెల్ పేజ్, జోష్ గిబ్సన్ వంటి మేటి క్రీడాకారులు ఆ లీగులలోనే తమ వయసును గడిపేశారు.

1945లో రాబిన్సన్ నల్లజాతి లీగుకు చెందిన కాన్సస్ సిటీ మోనార్క్స్ జట్టులో నెలకు 400 డాలర్ల జీతంపై చేరాడు. రాత్రంతా బస్సు ప్రయాణాలు, నల్లవారికి భోజనం పెట్టని హోటళ్ళు ఈ లీగులలో నిత్యకృత్యం. అదే సంవత్సరం ఏప్రిల్‌లో బోస్టన్ రెడ్ సాక్స్ జట్టు రాబిన్సన్‌తో సహా ముగ్గురు నల్లజాతి ఆటగాళ్ళను పరీక్షకు పిలిచింది. కాని అది పేరుకు మాత్రమే జరిగిన తంతు. ఆ తరువాత జట్టు నుండి వారికి ఏ కబురూ రాలేదు.

బ్రాంచ్ రికీ ఎంపిక

బ్రూక్లిన్ డాడ్జర్స్ జట్టు అధ్యక్షుడు బ్రాంచ్ రికీ ఈ నిషేధాన్ని తొలగించాలని రహస్యంగా ప్రయత్నాలు ప్రారంభించాడు. ఇందుకు అనేక కారణాలున్నాయి. రికీ దృఢమైన మతవిశ్వాసం కలవాడు, వర్ణవివక్ష తప్పని నమ్మినవాడు. అదే సమయంలో ఇతర జట్లు ముట్టని ప్రతిభావంతులను ముందుగా చేజిక్కించుకుంటే తన జట్టు గెలుస్తుందనీ, నల్లజాతి ప్రేక్షకులు మైదానానికి వస్తారనీ గ్రహించిన వ్యాపారి కూడా. 1945లో న్యూయార్క్ రాష్ట్రం ఉద్యోగాలలో జాతి వివక్షను నిషేధిస్తూ చట్టం చేసింది. వెండెల్ స్మిత్, సామ్ లేసీ వంటి నల్లజాతి పత్రికా రచయితలు ఈ విషయమై ఏళ్ళ తరబడి రాస్తూ వచ్చారు. ప్రపంచయుద్ధంలో దేశం కోసం పోరాడిన వారికి మైదానంలో చోటు లేకపోవడంపై ప్రజలలో కూడా చర్చ మొదలయ్యింది.

1945 ఆగస్టు 28న రికీ, రాబిన్సన్‌ను బ్రూక్లిన్‌లోని తన కార్యాలయానికి పిలిపించాడు. సుమారు మూడు గంటలపాటు సాగిన ఆ సమావేశంలో రికీ, మైదానంలో, హోటళ్ళలో, రైళ్ళలో ఎదురుకాగల అవమానాలను ఒక్కొక్కటిగా తానే నటించి చూపించాడని చెబుతారు. తొలి సంవత్సరాలలో ఏ అవమానానికీ బదులు చెప్పరాదన్నది అతని షరతు. ఒక్క కొట్లాట జరిగినా, నల్లవారు లీగుకు తగరని వాదించేవారికి అది ఆయుధమవుతుందని రికీ భయం. బస్సులో సీటు వదలనందుకు సైనిక విచారణను ఎదుర్కొన్న రాబిన్సన్, తన స్వభావానికి పూర్తిగా విరుద్ధమైన ఈ షరతుకు అంగీకరించాడు. రికీ మోనార్క్స్ జట్టుకు ఎటువంటి పరిహారం చెల్లించలేదు. నల్లజాతి లీగుల యజమానులకు ఇది తీరని బాధగా మిగిలింది.

మాంట్రియల్

1945 అక్టోబరు 23న రాబిన్సన్ ఎంపిక బహిరంగంగా ప్రకటించబడింది. ముందుగా ఇతనిని డాడ్జర్స్ అనుబంధ జట్టయిన కెనడాలోని మాంట్రియల్ రాయల్స్‌కు పంపారు. 1946 ఫిబ్రవరి 10న రాచెల్‌తో వివాహం జరిగింది. కొద్ది రోజులకే దంపతులు ఫ్లోరిడాలో జరిగే శిక్షణ శిబిరానికి వెళ్ళారు. అక్కడ కొన్ని పట్టణాలు ఇతడు ఆడితే మైదానానికి తాళం వేస్తామని చెప్పి ఆటలు రద్దుచేశాయి. డేటోనా బీచ్ పట్టణం మాత్రం ఆడనిచ్చింది.

1946 ఏప్రిల్ 18న జెర్సీ సిటీలో ఆడిన తొలి లీగు ఆటలోనే నాలుగు హిట్లు, అందులో ఒక హోమ్ రన్ కొట్టాడు. ఆ సీజనులో 0.349 సగటుతో ఇంటర్నేషనల్ లీగులో ప్రథమ స్థానంలో నిలిచాడు. అక్టోబరులో చిన్న లీగుల ఛాంపియన్‌షిప్ పోటీలో లూయివిల్ ప్రేక్షకులు రాబిన్సన్‌ను ఘోరంగా దూషించారు. పోటీ మాంట్రియల్‌కు మారగానే, అక్కడి అభిమానులు లూయివిల్ ఆటగాళ్ళందరినీ అదే విధంగా గేలిచేసి బదులు తీర్చుకున్నారు. మాంట్రియల్ గెలిచిన రోజున జనం రాబిన్సన్‌ను భుజాలకెత్తుకొని, ఆ తరువాత వీధిలో అతని వెంట పరుగులు తీశారు. ఒక నల్లజాతివాని వెంట తెల్లవారు కోపంతో కాక ప్రేమతో పరుగెత్తడం అమెరికా పత్రికలకు వార్త అయింది.

బ్రూక్లిన్ డాడ్జర్స్, అభిమానులు

బ్రూక్లిన్ 1898 వరకు ప్రత్యేక నగరం. ఆ సంవత్సరం న్యూయార్క్ నగరంలో విలీనమయ్యింది. ప్రత్యేక నగరపాలన పోయిన తరువాత బ్రూక్లిన్ వాసులకు తమదని చెప్పుకోవడానికి మిగిలిన ముఖ్యమైన వాటిలో బేస్‌బాల్ జట్టు ఒకటి. 1883లో ప్రారంభమైన ఈ జట్టు పేరు కాలక్రమంలో అనేకసార్లు మారింది. వీధులలో పరుగెత్తే ట్రాలీ బండ్లను తప్పించుకుంటూ నడిచే బ్రూక్లిన్ జనాన్ని బట్టి డాడ్జర్స్ అనే పేరు వచ్చింది.

1913లో ప్రారంభమైన ఎబెట్స్ ఫీల్డ్ మైదానంలో సుమారు 32 వేలమంది మాత్రమే కూర్చోగలరు. సీట్లు ఆటస్థలానికి చాలా దగ్గరగా ఉండడంతో ఆటగాడి మాట ప్రేక్షకునికీ, ప్రేక్షకుని మాట ఆటగాడికీ వినిపించేది. ఇటలీ, ఐర్లండు, తూర్పు ఐరోపా దేశాల నుండి వలస వచ్చిన కుటుంబాలు, యూదులు, రేవులలోనూ కర్మాగారాలలోనూ పనిచేసే కార్మికులు ఈ జట్టుకు అభిమానులు. హిల్డా చెస్టర్ అనే మహిళ చేతిలో గంట మోగిస్తూ జట్టును ఉత్సాహపరచేది. సంగీతం అంతగా రాని కొందరు అభిమానులు వాద్యబృందంగా ఏర్పడి, అంపైర్లు మైదానంలోకి రాగానే వారిని వెక్కిరించే పాట వాయించేవారు. రెడ్ బార్బర్ చేసే రేడియో వ్యాఖ్యానం వేసవి సాయంత్రాలలో ప్రతి ఇంటి కిటికీ నుండి వినిపించేది. జట్టు తరచుగా ఓడిపోతుండడంతో అభిమానులే దానిని పనికిమాలిన వాళ్ళని ముద్దుగా తిట్టుకొని, వచ్చే ఏడు చూద్దామని సరిపెట్టుకునేవారు.

1947 సీజను

1947 వేసవికి ముందు డాడ్జర్స్ శిక్షణ పొందుతుండగా, కొందరు ఆటగాళ్ళు రాబిన్సన్‌తో కలిసి ఆడబోమని సంతకాల సేకరణ ప్రారంభించారు. మేనేజరు లియో డురోషర్ అర్ధరాత్రి ఆటగాళ్ళను లేపి సమావేశపరచి, ఇష్టం లేనివారు జట్టు విడిచి పోవచ్చునని హెచ్చరించాడు. జట్టులో అభిమానులకు అత్యంత ప్రియమైన ఆటగాడు డిక్సీ వాకర్ తనను వేరొక జట్టుకు పంపమని రికీని కోరాడు. ఆ సీజను ముగిసిన తరువాత వాకర్ పిట్స్‌బర్గ్‌కు మార్చబడ్డాడు.

1947 ఏప్రిల్ 15న ఎబెట్స్ ఫీల్డ్‌లో బోస్టన్ బ్రేవ్స్‌తో జరిగిన ఆటలో 28 ఏళ్ళ రాబిన్సన్ 42వ నంబరు చొక్కాతో మొదటి బేస్ వద్ద నిలిచాడు. ఆనాటి 25 వేలకు పైబడిన ప్రేక్షకులలో సగానికి పైగా నల్లజాతివారని అంచనా. రాబిన్సన్ హిట్ కొట్టలేకపోయినా ఒక రన్ చేశాడు. డాడ్జర్స్ 5-3 తేడాతో గెలిచింది.

వారం రోజులకే రికీ చెప్పిన పరీక్ష ఎదురైంది. బ్రూక్లిన్‌కు వచ్చిన ఫిలడెల్ఫియా ఫిలీస్ జట్టు మేనేజరు బెన్ చాప్‌మన్, అతని ఆటగాళ్ళు రాబిన్సన్‌ను జాతిపేరుతో నీచమైన మాటలు అన్నారు. ఆ రోజు తాను మౌనప్రతిజ్ఞ వదలి దాడి చేయడానికి ఎంతో దగ్గరగా వచ్చానని రాబిన్సన్ తరువాత తన ఆత్మకథలో రాశాడు. అతడు నోరు మెదపలేదు. అంతవరకు దూరంగా ఉన్న తోటి ఆటగాళ్ళలో కొందరు, తిరిగి మాట్లాడలేని మనిషిని తిట్టడం చూసి సహించలేక ఫిలీస్ ఆటగాళ్ళపై తిరగబడ్డారు. జట్టు ఏకం కావడానికి చాప్‌మన్ చేసిన పని తోడ్పడిందని రికీ అభిప్రాయపడ్డాడు.

మే నెలలో సెయింట్ లూయిస్ కార్డినల్స్ ఆటగాళ్ళు సమ్మె చేయనున్నారన్న వార్త వెలువడింది. అలా చేసినవారిని బహిష్కరిస్తామని నేషనల్ లీగ్ అధ్యక్షుడు ఫోర్డ్ ఫ్రిక్ ప్రకటించాడు. సమ్మె జరగలేదు. బెదిరింపు ఉత్తరాలు మాత్రం ఆగలేదు. ఫిలడెల్ఫియాలో ఒక హోటలు డాడ్జర్స్ జట్టు మొత్తానికి గది ఇవ్వలేదు. పిచర్లు (క్రికెట్‌లో బౌలర్ల వంటివారు) పలుమార్లు రాబిన్సన్ శరీరానికి గురిపెట్టి బంతి విసిరారు.

జట్టు కెప్టెన్, కెంటకీ రాష్ట్రానికి చెందిన పీ వీ రీస్ ఒకసారి ప్రేక్షకులు గేలిచేస్తుండగా రాబిన్సన్ దగ్గరకు నడిచివచ్చి భుజంపై చేయి వేసి నిలబడ్డాడన్నది ప్రసిద్ధ కథ. ఇది 1947లో సిన్సినాటిలో జరిగిందా, 1948లో బోస్టన్‌లో జరిగిందా అన్న విషయమై భిన్నాభిప్రాయాలున్నాయి. ఇద్దరి స్నేహం మాత్రం జీవితాంతం కొనసాగింది.

రాబిన్సన్ ఏ నగరానికి వెళ్ళినా మైదానాలు నిండిపోయేవి. మే 18న షికాగోలో 46 వేలకు పైగా టికెట్లు అమ్ముడయ్యాయి. దక్షిణ రాష్ట్రాల నుండి నల్లజాతి కుటుంబాలు ప్రత్యేక రైళ్ళలో సిన్సినాటి, సెయింట్ లూయిస్ నగరాలకు వచ్చేవి. ఎబెట్స్ ఫీల్డ్‌కు ఆ సంవత్సరం 18 లక్షలకు పైగా ప్రేక్షకులు వచ్చారు. సెప్టెంబరు 23న బ్రూక్లిన్ అభిమానులు ఇతనికి ప్రత్యేక సన్మానం చేసి కారును బహూకరించారు.

సీజను ముగిసేసరికి రాబిన్సన్ 0.297 సగటు, 12 హోమ్ రన్లు, 125 రన్లు సాధించాడు. 29 బేస్‌లు దొంగిలించి లీగులో ప్రథముడయ్యాడు. ఆ సంవత్సరమే ప్రారంభించిన ఉత్తమ నూతన క్రీడాకారుని పురస్కారం ఇతనికి లభించింది. డాడ్జర్స్ నేషనల్ లీగు గెలిచి వరల్డ్ సిరీస్‌కు చేరింది. అక్కడ న్యూయార్క్ యాంకీస్ చేతిలో 4-3 తేడాతో ఓడిపోయింది.

ఆటతీరు

బేస్‌బాల్‌లో బ్యాటర్ నాలుగు బేస్‌లను చుట్టివస్తేనే ఒక రన్ లభిస్తుంది. ఒక బేస్ వద్ద ఉన్న ఆటగాడు, బంతి కొట్టకముందే ప్రత్యర్థుల కన్నుగప్పి తరువాతి బేస్‌కు పరుగెత్తడాన్ని బేస్ దొంగిలించడం అంటారు. ఆ కాలపు మేజర్ లీగు జట్లు హోమ్ రన్లపైనే ఎక్కువ ఆధారపడేవి. రాబిన్సన్ నల్లజాతి లీగులలో సాధారణమైన వేగవంతమైన ఆటను మేజర్ లీగులోకి తెచ్చాడు. బేస్ వదలి నాలుగు అడుగులు ముందుకు వేసి, పరుగెడుతున్నట్లు భ్రమ కల్పించి, పిచర్ ఏకాగ్రతను చెదరగొట్టేవాడు. అన్నిటికంటె కష్టమైన హోమ్ బేస్ దొంగతనాన్ని సాధారణ సీజన్లలో 19 సార్లు సాధించాడు.

మౌనం వీడిన తరువాత

1948లో రాబిన్సన్ రెండవ బేస్‌కు మారాడు. ఆ సంవత్సరం రాయ్ కాంపనెల్లా, 1949లో డాన్ న్యూకోంబ్ జట్టులో చేరడంతో ఇతడు ఒంటరివాడు కాకుండాపోయాడు. 1949 నుండి ఇతడు మాటకు మాట బదులివ్వడం ప్రారంభించాడు. అంపైర్లతో వాదించేవాడు, తనపై దురుసుగా ఆడినవారికి అదే రీతిలో జవాబు చెప్పేవాడు. మౌనంగా ఉన్నప్పుడు మెచ్చుకున్న పత్రికలలో కొన్ని ఇప్పుడు ఇతనిని గర్విష్ఠి అని విమర్శించాయి. ఇతర ఆటగాళ్ళు అలా ప్రవర్తిస్తే పట్టుదల అని పొగడటం, తాను చేస్తే తప్పుపట్టడం రాబిన్సన్‌ను బాధించింది.

ఆటపరంగా 1949 ఇతని జీవితంలో అత్యుత్తమ సంవత్సరం. 0.342 సగటుతో లీగు బ్యాటింగ్‌లో ప్రథముడై, 37 బేస్‌లు దొంగిలించి, అత్యంత విలువైన క్రీడాకారునిగా ఎంపికయ్యాడు. అదే సంవత్సరం జులైలో, గాయకుడు పాల్ రోబ్‌సన్ అభిప్రాయాలపై అమెరికా ప్రతినిధుల సభ సంఘం ముందు సాక్ష్యం చెప్పాడు. రోబ్‌సన్ మాటలతో విభేదించినా, దేశంలో జాతివివక్ష నిజమేనని, అది కమ్యూనిస్టుల సృష్టి కాదని స్పష్టం చేశాడు. రోబ్‌సన్ త్యాగాలపై తనకు గౌరవం పెరిగిందని చివరి రోజులలో రాశాడు. 1950లో తన జీవితకథ ఆధారంగా తీసిన సినిమాలో తన పాత్రను తానే పోషించాడు. రాచెల్ పాత్రను రూబీ డీ ధరించింది.

1951 సీజను చివరి రోజున ఫిలడెల్ఫియాలో 12వ ఇన్నింగ్స్‌లో ఓటమి తప్పించే క్యాచ్ పట్టి, 14వ ఇన్నింగ్స్‌లో హోమ్ రన్ కొట్టి డాడ్జర్స్‌ను గెలిపించాడు. దానితో న్యూయార్క్ జెయింట్స్‌తో ప్రత్యేక పోటీ అవసరమయ్యింది. అక్టోబరు 3న చివరి ఇన్నింగ్స్‌లో బాబీ థామ్సన్ కొట్టిన హోమ్ రన్ బ్రూక్లిన్ ఆశలను వమ్ముచేసింది. తోటివారు తలలు దించుకొని వెళ్ళిపోతుండగా, థామ్సన్ ప్రతి బేస్‌నూ తాకుతున్నాడో లేదో చూస్తూ రాబిన్సన్ మైదానంలోనే నిలిచిపోయాడు.

1955 విజయం

1955 నాటికి డాడ్జర్స్ ఏడుసార్లు వరల్డ్ సిరీస్ ఆడి ఏడుసార్లూ ఓడిపోయింది. అందులో ఐదు ఓటములు యాంకీస్ చేతిలోనే. ఆ సంవత్సరం మళ్ళీ యాంకీస్ ఎదురుపడింది. సెప్టెంబరు 28న జరిగిన మొదటి ఆటలో 36 ఏళ్ళ రాబిన్సన్ హోమ్ బేస్ దొంగిలించాడు. అంపైరు తీర్పు తప్పని యాంకీస్ ఆటగాడు యోగి బెర్రా జీవితాంతం వాదించాడు. అక్టోబరు 4న జరిగిన ఏడవ ఆటలో రాబిన్సన్ ఆడలేదు. జానీ పోడ్రెస్ అద్భుతమైన పిచింగ్‌తో డాడ్జర్స్ 2-0 తేడాతో గెలిచి బ్రూక్లిన్‌కు మొదటి వరల్డ్ సిరీస్ తెచ్చింది. ఆ రాత్రి బ్రూక్లిన్ వీధులు జనంతో నిండిపోయాయి. బ్రూక్లిన్ పేరుతో జట్టు సాధించిన వరల్డ్ సిరీస్ అదొక్కటే.

పదవీ విరమణ, జట్టు తరలింపు

1950లో వాల్టర్ ఓమాలీ జట్టు యాజమాన్యాన్ని చేజిక్కించుకోగా, రికీ జట్టును విడిచి వెళ్ళాడు. కొత్త యజమానికీ రాబిన్సన్‌కూ పొసగలేదు. 1956 డిసెంబరులో ఇతనిని చిరకాల ప్రత్యర్థి న్యూయార్క్ జెయింట్స్‌కు అమ్మివేశారు. అప్పటికే రాబిన్సన్ వ్యాపార సంస్థలో ఉద్యోగానికి అంగీకరించి, ఆట నుండి విరమించాలని నిర్ణయించుకున్నాడు. అందువలన జెయింట్స్ చొక్కా ధరించలేదు. డాడ్జర్స్ తరఫున ఇతడు 1,382 ఆటలు ఆడి 1,518 హిట్లు, 137 హోమ్ రన్లు సాధించాడు. సగటు 0.311. ఇతడు ఆడిన పదేళ్ళలో జట్టు ఆరుసార్లు నేషనల్ లీగ్ గెలిచింది.

ఎబెట్స్ ఫీల్డ్ పాతబడింది. కార్లు నిలపడానికి చోటు లేదు. అభిమానులలో అనేకులు శివారు ప్రాంతాలకు తరలిపోతున్నారు. బ్రూక్లిన్‌లోనే కొత్త మైదానం కట్టాలన్న ఓమాలీ ప్రతిపాదనకు నగర నిర్మాణ అధికారి రాబర్ట్ మోజెస్ అంగీకరించక, క్వీన్స్‌లో స్థలం చూపాడు. 1957 సెప్టెంబరు 24న ఎబెట్స్ ఫీల్డ్‌లో జరిగిన చివరి ఆటకు 6,702 మంది మాత్రమే వచ్చారు. అక్టోబరులో జట్టు లాస్ ఏంజెలెస్‌కు తరలివెళుతున్నట్లు ప్రకటించబడింది. 1960 ఫిబ్రవరిలో మైదానాన్ని కూల్చడం ప్రారంభించి, ఆ స్థలంలో నివాస భవనాలు నిర్మించారు. సుమారు 27 లక్షల జనాభా గల బ్రూక్లిన్‌కు మేజర్ లీగు జట్టు మళ్ళీ రాలేదు.

క్రీడానంతర జీవితం

1957లో రాబిన్సన్ చాక్ ఫుల్ ఓ నట్స్ అనే కాఫీ కంపెనీలో ఉద్యోగుల వ్యవహారాలు చూసే ఉపాధ్యక్షునిగా చేరాడు. పెద్ద వ్యాపార సంస్థలో అటువంటి హోదా పొందిన తొలి నల్లజాతివారిలో ఇతడొకడు. నల్లజాతి హక్కుల సంఘమైన ఎన్.ఎ.ఎ.సి.పి. కోసం దేశమంతా తిరిగి నిధులు సేకరించాడు. మార్టిన్ లూథర్ కింగ్‌కు సన్నిహితుడై, 1963 ఆగస్టులో వాషింగ్టన్ మహా ప్రదర్శనలో కుటుంబంతో పాల్గొన్నాడు. పత్రికలలో శీర్షికలు రాశాడు. నల్లవారికి అప్పులు ఇవ్వడానికి బ్యాంకులు వెనుకాడుతున్న రోజులలో, 1964లో హార్లెంలో ఫ్రీడమ్ నేషనల్ బ్యాంకు స్థాపనలో ముఖ్యపాత్ర వహించాడు.

రాజకీయాలలో ఇతడు ఏ ఒక్క పార్టీకీ కట్టుబడలేదు. 1960 అధ్యక్ష ఎన్నికలలో రిచర్డ్ నిక్సన్‌ను సమర్థించి తరువాత పశ్చాత్తాపపడ్డాడు. న్యూయార్క్ గవర్నర్ నెల్సన్ రాక్‌ఫెల్లర్ వద్ద సహాయకునిగా పనిచేశాడు. 1968లో హ్యూబర్ట్ హంఫ్రీని బలపరచాడు. కొత్త తరం నల్లజాతి యువకులలో కొందరు ఇతనిని మితవాది అని విమర్శించగా, తెల్లవారిలో కొందరు తీవ్రవాది అని నిందించారు.

కుటుంబం, చివరి రోజులు

జాకీ, రాచెల్ దంపతులకు జాకీ జూనియర్, షారన్, డేవిడ్ అని ముగ్గురు పిల్లలు. పెద్ద కుమారుడు వియత్నాం యుద్ధంలో గాయపడి, మాదకద్రవ్యాలకు బానిసయ్యాడు. తరువాత కోలుకొని ఇతరులను ఆ అలవాటు నుండి మాన్పించే కేంద్రంలో పనిచేస్తుండగా, 1971 జూన్‌లో కారు ప్రమాదంలో మరణించాడు.

రాబిన్సన్ మధుమేహంతో బాధపడుతూ, క్రమంగా చూపు కోల్పోసాగాడు. 1972లో వెలువడిన ఆత్మకథ ఐ నెవర్ హాడ్ ఇట్ మేడ్‌లో, ఎంత పేరు వచ్చినా తెల్లవారి లోకంలో తానొక నల్లజాతివాడిగానే మిగిలానని, జాతీయగీతానికి లేచి నిలబడి పాడలేనని రాశాడు. 1972 అక్టోబరు 15న సిన్సినాటిలో వరల్డ్ సిరీస్ సందర్భంగా సన్మానం పొందుతూ, జట్టు మేనేజరుగా నల్లజాతివాడు కనిపించిన రోజున తనకు మరింత గర్వంగా ఉంటుందని చెప్పాడు. తొమ్మిది రోజుల తరువాత, అక్టోబరు 24న కనెక్టికట్‌లోని స్టామ్‌ఫర్డ్‌లో గుండెపోటుతో మరణించాడు. అప్పటికి ఇతని వయసు 53 సంవత్సరాలు. బ్రూక్లిన్ వీధుల మీదుగా అంతిమయాత్ర సాగింది. ఇతని సమాధి సైప్రస్ హిల్స్ శ్మశానవాటికలో ఉన్నది. 1975లో ఫ్రాంక్ రాబిన్సన్ క్లీవ్‌లండ్ జట్టుకు మేనేజరై, జాకీ కోరికను నెరవేర్చాడు.

ప్రభావం

రాబిన్సన్ ప్రవేశించిన పదకొండు వారాలకు లారీ డోబీ క్లీవ్‌లండ్ తరఫున అమెరికన్ లీగులో ఆడాడు. అయినా మార్పు నెమ్మదిగానే సాగింది. 1945లో రాబిన్సన్‌ను తిప్పిపంపిన బోస్టన్ రెడ్ సాక్స్ అన్ని జట్లకంటె చివరగా, 1959లో, నల్లజాతి ఆటగాడిని ఆడించింది. మరొకవైపు, నల్లజాతి అభిమానులు మేజర్ లీగు ఆటలకు తరలిపోవడంతో వారి సొంత లీగులు దెబ్బతిన్నాయి. నీగ్రో నేషనల్ లీగ్ 1948 సీజనుతో మూతపడింది. నల్లజాతి యజమానులు, మేనేజర్లు, ఉద్యోగులు ఉపాధి కోల్పోయారు. ఆ లీగుల గణాంకాలను మేజర్ లీగు రికార్డులలో చేర్చడం 2024లో గాని జరగలేదు.

గౌరవాలు, స్మారకాలు

- 1956: ఎన్.ఎ.ఎ.సి.పి. వారి స్పింగార్న్ పతకం.
- 1962: బేస్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో స్థానం పొందిన తొలి నల్లజాతి క్రీడాకారుడు.
- 1972: లాస్ ఏంజెలెస్ డాడ్జర్స్ 42వ నంబరును మరెవ్వరికీ ఇవ్వరాదని నిర్ణయం.
- 1973: రాచెల్ రాబిన్సన్ పేద విద్యార్థుల ఉన్నత విద్యకు సహాయపడే జాకీ రాబిన్సన్ ఫౌండేషన్ స్థాపన.
- 1984: అమెరికా అత్యున్నత పౌర పురస్కారమైన ప్రెసిడెన్షియల్ మెడల్ ఆఫ్ ఫ్రీడమ్ (మరణానంతరం).
- 1987: ఉత్తమ నూతన క్రీడాకారుని పురస్కారానికి ఇతని పేరు.
- 1997: మేజర్ లీగు జట్లన్నిటిలోనూ 42వ నంబరు ఉపసంహరణ. అప్పటికే ఆ నంబరు ధరిస్తున్నవారికి మినహాయింపు ఇచ్చారు. వారిలో చివరివాడైన మరియానో రివేరా 2013లో విరమించాడు.
- 2004: ఏప్రిల్ 15 జాకీ రాబిన్సన్ దినంగా ప్రకటన. 2009 నుండి ఆ రోజున ఆటగాళ్ళందరూ 42వ నంబరు చొక్కా ధరిస్తున్నారు.
- 2005: బ్రూక్లిన్‌లోని కోనీ ఐలండ్‌లో రాబిన్సన్, పీ వీ రీస్ కలిసి నిలిచిన విగ్రహం ఆవిష్కరణ.
- 2013: ఇతని జీవితంపై 42 అనే సినిమా విడుదల.
- 2022: న్యూయార్క్‌లో జాకీ రాబిన్సన్ మ్యూజియం ప్రారంభం.